యుద్ధకాలంలో డచ్ సినిమా హీరోయిన్ – ఇల్జె వెర్నర్ గురించి తెలిసినవాళ్ళు చెప్పండి

తార్నాక_రీల్:

అందరికీ నమస్తే. మాది తార్నాకలో చిన్న సినిమా గ్రూపు, నెలకోసారి ఎవరో ఒకరింట్లో ప్రొజెక్టర్ పెట్టుకుని పాత సినిమా చూసి దాని మీద మాట్లాడుకుంటాం. ఈసారి రెండో ప్రపంచ యుద్ధం నాటి హీరోయిన్లు అని టాపిక్ పెట్టుకున్నాం, నా వంతుకి యూరప్ వచ్చింది. హాలీవుడ్ వెళ్ళిపోయిన జర్మన్ హీరోయిన్ మార్లీన్ డీట్రిచ్ గురించి అందరికీ ఎంతోకొంత తెలుసు కదా, ఇంకెవరైనా ఉన్నారా అని వెతుకుతుంటే ఇల్జె వెర్నర్ పేరు తగిలింది. 1943లో వచ్చిన మ్యూన్‌హౌజెన్ చూశాను, ఫుల్ కలర్ సినిమా, ఆ సెట్టింగులు ఆ కాస్ట్యూములు చూస్తే బయట స్టాలిన్‌గ్రాడ్ లాంటి యుద్ధం జరుగుతున్న టైమ్‌లో ఇది తీశారంటే నమ్మబుద్ధి కాలేదు. అందులో సుల్తాన్ అంతఃపురంలో బందీగా ఉండే రాకుమారి వేషం ఈవిడది.

ఈవిడ 1921లో బటావియాలో పుట్టింది, అంటే ఇప్పటి జకార్తా, అప్పుడది డచ్చివాళ్ళ కాలనీ. నాన్న డచ్ వ్యాపారి, అమ్మ జర్మన్. పాస్‌పోర్ట్ డచ్‌ది, స్టార్ అయింది మాత్రం బెర్లిన్‌లో, అదీ హిట్లర్ టైమ్‌లో. ఇక్కడే నాకు బుర్ర ఆగిపోతోంది. తన దేశాన్నే జర్మనీ ఆక్రమించుకుంటే ఆ జర్మనీ సినిమాల్లోనే ఈవిడ టాప్ హీరోయిన్ ఎలా అయింది? ఈవిడని డచ్ నటి అని పరిచయం చెయ్యొచ్చా అసలు? హాలండ్‌లోనే ఉండిపోయిన హీరోయిన్ల సంగతేంటి, వాళ్ళ కెరీర్లు ఏమయ్యాయి? ఇంకోటి, ఈవిడ చేసినవి ఎక్కువ పాటల సినిమాలు, ప్రేమ కథలు, వాటిని ప్రచార సినిమాలు అనడం కరెక్టేనా? ఎవరికైనా తెలిస్తే కొంచెం వివరంగా చెప్పండి, పై పై సమాచారం నెట్‌లో దొరికింది, నాకు కావాల్సింది అసలు కథ.

మారేడ్‌పల్లి_పాతపాటలు:

మంచి టాపిక్ ఎత్తుకున్నారండీ. నాకు జర్మన్ పాత పాటల పిచ్చి, బంజారాహిల్స్‌లో జర్మన్ క్లాసులకి వెళ్ళే రోజుల్లో అంటుకుంది, అలా ఈవిడ పాటలు చాలా విన్నాను. ముందు ఒక మాట, ఈవిడ గొంతు కంటే ఈల ఫేమస్. మనకి ఈలపాట రఘురామయ్య గారు ఎలాగో జర్మన్లకి ఈవిడ అలాగ, పాట మధ్యలో ఈల అందుకుందంటే అది ఫ్లూటా మనిషా అని అనుమానం వస్తుంది. రికార్డులు విని చూడండి తెలుస్తుంది.

కెరీర్ విషయానికొస్తే, పదేళ్ళ వయసులో కుటుంబం బటావియా నుంచి ఫ్రాంక్‌ఫర్ట్ వచ్చింది, తర్వాత వియన్నా, అక్కడ రైన్‌హార్ట్ స్కూల్లో యాక్టింగ్ నేర్చుకుంది. 1938లో సినిమాల్లోకి వచ్చి మరుసటేడే విల్లీ ఫోర్స్ట్ తీసిన బెల్ ఆమిలో కనిపించింది, యుద్ధం మొదలయ్యేటప్పటికి ఆ అమ్మాయి వయసు పద్దెనిమిది. సరిగ్గా ఇక్కడ ఆగి ఒకటి ఆలోచించాలండీ, ఊఫా అనే జర్మన్ల పెద్ద సినిమా స్టూడియోకి ఆ టైమ్‌లో కొత్త మొహాలు ఎందుకంత అవసరమయ్యాయి? 1933 నుంచి యూదు నటీనటులని, డైరెక్టర్లని, రైటర్లని వెళ్ళగొట్టేశారు, మిగిలినవాళ్ళలో ఇష్టంలేక వెళ్ళిపోయినవాళ్ళు కొంతమంది, డీట్రిచ్ ఎంత పిలిచినా వెనక్కి రాలేదు, 1939లో అమెరికా పౌరసత్వం తీసుకుంది. ఆ ఖాళీలన్నీ బయటి దేశాల వాళ్ళతో నింపారు. సారా లియాండర్ స్వీడన్, క్రిస్టీనా సోడర్‌బామ్ కూడా స్వీడన్, మారికా రోక్ హంగేరీ వాళ్ళమ్మాయి పుట్టిందేమో కైరోలో, యోహానెస్ హీస్టర్స్ అనే హీరో మన ఇల్జెలాగే డచ్. నాజీ సినిమా పెద్ద స్టార్ల లిస్టు తీస్తే ఇంతమంది విదేశీయులు కనబడతారు. కాబట్టి డచ్ పాస్‌పోర్ట్ ఉన్న పిల్ల బెర్లిన్‌లో హీరోయిన్ అవడం అక్కడ వింతేం కాదు, ఆ కుర్చీ ఎవరిని లేపి ఖాళీ చేశారన్నదే మీ గ్రూపులో చెప్పాల్సిన విషయం అని నా అభిప్రాయం.

ఇక ఆవిడని ఇంటింటి పేరు చేసిన సినిమా వున్ష్‌కోన్‌చెర్ట్, 1940 డిసెంబర్ 30న రిలీజ్. మనకి వివిధ భారతిలో జవాన్ల కోసం జైమాలా వచ్చేది చూడండి, అలాంటి ప్రోగ్రాం ఒకటి అప్పుడు బెర్లిన్ రేడియోలో ఆదివారాలు వచ్చేది, సరిహద్దులో ఉన్న సైనికుడు ఒక పాట కోరుకుంటాడు, ఇంట్లో వాళ్ళు రేడియో దగ్గర కూర్చుని వింటారు. ఆ ప్రోగ్రాం చుట్టూ ప్రేమ కథ అల్లారు. 1936 బెర్లిన్ ఒలింపిక్స్‌లో ఒక పైలట్, ఒక అమ్మాయి కలుస్తారు, విడిపోతారు, ఏళ్ళ తర్వాత రేడియోలో అతను కోరిన పాట విని అమ్మాయి అతన్ని వెతుక్కుంటుంది. రెండు కోట్ల మందికి పైగా చూశారు. పాటలున్నాయి, కన్నీళ్ళున్నాయి, నవ్వులున్నాయి, కానీ దాంట్లో చెప్పే మాట ఒకటే, ఇంట్లో ఆడవాళ్ళు ఓపికగా ఎదురు చూడాలి, సైనికుడు డ్యూటీ చెయ్యాలి, ప్రేమ తర్వాత. మన పేపర్లలో రోజూ గోబెల్స్ ప్రచారం అని రాస్తుంటారు కదా, అందరూ అబద్ధాన్ని పదేపదే చెప్పడం అనుకుంటారు, హిట్లర్ ప్రచార మంత్రి అయిన ఆ గోబెల్స్ సినిమాల్లో ఎక్కువ వాడింది మాత్రం ఇలాంటి సరదా, పాటలు, అందమైన మొహాలు. ఆ పన్నెండేళ్ళలో వెయ్యికి పైగా ఫీచర్ సినిమాలు వస్తే వాటిలో సూటిగా పార్టీ గొడవ చెప్పినవి తక్కువే.

అందుకని ప్రచార సినిమాలు అనొచ్చా అంటే అనొచ్చు, కానీ సినిమా సినిమాకి తేడా చూపించాలండీ. 1941లో సబ్‌మెరైన్ల మీద యు-బోటె వెస్ట్‌వెర్ట్స్ అని ఒకటి చేసింది, అందులో జర్మన్ సబ్‌మెరైన్ల కమాండర్ డోనిట్జ్ స్వయంగా కనబడతాడు, అది పచ్చి యుద్ధ ప్రచారం, ఇంకో మాట లేదు. అదే 1942లో హెల్మూట్ కాయిట్నర్ తీసిన మ్యూజిక్ సినిమా ఉంది, సంగీతం టీచర్‌కి, పాప్ పాటలు పాడే అమ్మాయికి మధ్య కీచులాటలు, దాంట్లో యుద్ధం వాసన కూడా రాదు. ఆవిడ బెస్ట్ యాక్టింగ్ నాకైతే 1944 హాంబర్గ్ రేవు సినిమాలో కనబడింది, గ్రోసె ఫ్రైహైట్ నంబర్ 7, అది కూడా కాయిట్నర్‌దే, కలర్. బాంబులు పడుతుంటే హాంబర్గ్, బెర్లిన్ వదిలేసి ప్రాగ్ వెళ్ళి షూటింగ్ పూర్తి చేశారు. తీరా తీశాక అందులో నావికులు తాగుతూ తిరుగుతూ కనబడుతున్నారని జర్మనీలో రిలీజ్ ఆపేశారు, 1944 డిసెంబర్‌లో ప్రాగ్‌లో వేశారు, జర్మన్లు చూసింది యుద్ధం అయిపోయాకే.

ఇంకోటి చాలామందికి తెలియనిది, ఆవిడ టీవీ యాంకర్ కూడా. అవును, అప్పటికే బెర్లిన్‌లో టీవీ ఉంది, ఆస్పత్రుల్లో గాయపడ్డ సైనికుల కోసం సెట్లు పెట్టి పాటల ప్రోగ్రాం వేసేవాళ్ళు, దాన్ని నడిపింది ఈవిడే.

చిక్కడపల్లి_సెకండ్‌షో:

పైన అన్న చాలా మంచిగ చెప్పిండు, గని నాకు ఒక అభ్యంతరం ఉన్నది. ఇల్జె వెర్నర్‌ని పెట్టి యుద్ధకాలంలో డచ్ నటి అంటే హాలండ్‌ల ఉన్నోళ్ళకి అన్యాయం చేసినట్టే అయితది. ఆమె పుట్టింది కాలనీల, పెరిగింది జర్మనీ, వియన్నాల, చేసినయన్నీ జర్మన్ సినిమాలు, హాలండ్‌తోని ఉన్నది కాయితం సంబంధమే. పాస్‌పోర్ట్ చెప్పుర్రి, తప్పులేదు, 1950ల దాంక ఆమెకి జర్మన్ పౌరసత్వం లేకుండెనే. గని అసలు డచ్ హీరోయిన్ల కథ వేరే ఉన్నది, అది చెప్పకుండ ఈమెది ఒక్కటే చెప్తే సగం కథే.

హాలండ్‌ల టాకీలు 1934ల జోరు అందుకున్నయ్. అంతకుముందు ఏదో సాగింది గని 1934 నుంచి 1940 దాంక ముప్పైకి పైగ టాకీలు వచ్చినయ్, అంత చిన్న దేశానికి అది పెద్ద సంగతే. అవి తీసినోళ్ళల్ల ఎక్కువమంది ఎవరో తెల్సా, హిట్లర్ దెబ్బకి జర్మనీ నుంచి పారిపోయి వచ్చిన యూదు డైరెక్టర్లు, టెక్నీషియన్లు. అంటే బెర్లిన్‌ల ఏ కుర్చీలు ఖాళీ చేయించిండ్రో ఆ కుర్చీలోళ్ళే ఆమ్‌స్టర్‌డామ్‌కి వచ్చి డచ్ సినిమాని నిలబెట్టిండ్రు.

లిలీ బౌమేస్టర్ అని ఒక నటి ఉండె, 1901ల పుట్టింది, నాటకాలోళ్ళ ఇంటామె. స్టేజీ ఇడిచిపెట్టి చానా ఏండ్లు ఇంట్లనే ఉన్నది. లుడ్విగ్ బెర్గర్ అని జర్మనీ నుంచి వచ్చిన యూదు డైరెక్టర్ 1937ల బెర్నార్డ్ షా పిగ్మేలియన్ నాటకాన్ని డచ్‌ల సినిమా తీస్తూ ఆమెని పువ్వులమ్మే పిల్ల వేషానికి పెట్టిండు, అప్పటికి ఆమెకి ముప్పై దాటి చానా అయింది. ఇంగ్లీషోళ్ళు వాళ్ళ నాటకాన్ని వాళ్ళే సినిమా తీసింది ఇంకో ఏడాదికి, డచ్చోళ్ళు ముందు తీసిండ్రు. సూపర్ హిట్టు. రాత్రికి రాత్రి దేశంల నంబర్ వన్ హీరోయిన్ అయింది ముప్పై అయిదు దాటిన మనిషి, అది ఏ దేశంల అయితది చెప్పుర్రి, మన దగ్గర ఇప్పటికీ కాదు. వరుసగ ఇంకో రెండు సినిమాలు చేసింది, తర్వాత మళ్ళ బెర్గర్‌తోనే యుద్ధం భయంల దేశం సైన్యాన్ని సిద్ధం చేసుకునే రోజుల మీద ఒకటి తీసిండ్రు, ఎర్గెన్స్ ఇన్ నేడర్‌లాంట్, 1940 ఏప్రిల్‌ల రిలీజ్. మే 10 తారీకు జర్మన్ సైన్యం హాలండ్‌ల దిగింది, నాలుగు రోజులకి రోటర్‌డామ్ మీద బాంబులేసి నగరం నడిమధ్యన బూడిద చేసిండ్రు, దేశం లొంగిపోయింది, సినిమాని బ్యాన్ చేసిండ్రు. ఒక్క నెలల ఆమె సినిమా కెరీర్ ఉన్న పరిశ్రమే కూలిపోయింది. స్టూడియోలు జర్మన్ల చేతిలకి పోయినయ్, డచ్ భాషల ఫీచర్ సినిమా తీసుడు దాదాపు ఆగిపోయింది.

ఇంక 1941 నవంబర్‌ల కుల్టూర్‌కామర్ అని పెట్టిండ్రు, నాటకం, సినిమా, పాట, పెయింటింగ్, పత్రిక, ఏది చేయాలన్నా అందుల మెంబర్ కావాలె, యూదులకి మెంబర్‌షిప్ లేదు. పేరు రాయించుకోకపోతే పని లేదు, పనిలేకపోతే తిండి లేదు. కొంతమంది రాయించుకున్నరు, కొంతమంది రాయించుకోలే. రాయించుకోనోళ్ళు ఇండ్లల్ల తలుపులు, కిటికీలు మూసి దొంగతనంగ ప్రోగ్రాంలు చేసేటోళ్ళు, చూసేటోళ్ళు ఇచ్చిన పైసలతోని బతికేటోళ్ళు. ఆడ్రీ హెప్‌బర్న్ తెల్సు కదా అందరికి, ఆమె తల్లి డచ్చామె, యుద్ధమంత ఆర్న్‌హెమ్, దాని పక్కన వెల్ప్ ఊర్ల పెరిగింది, ఆమె చిన్నపిల్లప్పుడు డాన్స్ చేసింది ఇసొంటి చీకటి ప్రోగ్రాంలల్లనే. చప్పట్లు కొడితే సప్పుడు బయటికి పోతదని కొట్టకపోయేటోళ్ళు.

హైంట్జె డేవిడ్స్ అని కామెడీ, పాటల స్టార్, 1934 హిట్టు సినిమాల చేసింది, యూదు మనిషి. ఆమె యుద్ధమంత దాక్కొని బతికింది, ఆమె తోబుట్టువులల్ల కొందరు నాజీ క్యాంపులల్ల పోయిండ్రు. కుర్ట్ గెరోన్ సంగతి ఇంకా ఘోరం. డీట్రిచ్‌ని స్టార్ చేసిన బ్లూ ఏంజెల్‌ల మ్యాజిక్ చేసేటాయన వేషం ఇతనిదే, హాలండ్‌కి పారిపోయి వచ్చి డచ్ సినిమాలు డైరెక్ట్ చేసిండు. ఆక్రమణ తర్వాత యూదులు ఒక్క థియేటర్‌ల మాత్రమే ఆడాలని ఆమ్‌స్టర్‌డామ్‌ల హాలండ్ షోవ్‌బర్గ్‌ని కేటాయించిండ్రు, ఆయన అక్కడ చేసిండు. 1942ల అదే థియేటర్‌ని యూదులని పట్టుకొచ్చి క్యాంపులకి పంపే ముందు కూర్చోబెట్టే జాగ చేసిండ్రు. గెరోన్‌ని టెరెజిన్ అనే నాజీ క్యాంపుకి తోలి అక్కడ క్యాంపు ఎంత మంచిగ ఉన్నదో చూపెట్టే సినిమా ఆయనతోనే తీయించిండ్రు, అయిపోయినంక ఆష్‌విట్జ్ పంపి చంపిండ్రు, 1944 అక్టోబర్.

ఇప్పుడు చెప్పుర్రి, 1940 మేల హాలండ్ పడింది, అదే ఏడాది డిసెంబర్‌ల డచ్ పాస్‌పోర్ట్ ఉన్న పిల్ల జర్మన్ సైన్యం పాటల సినిమాల నవ్వుకుంట కనబడ్డది. రెండూ పక్కపక్కన పెట్టి చూపెట్టాలె.

తార్నాక_రీల్:

అన్నా, ఇది నాకు అస్సలు తెలియని కోణం, గెరోన్ గురించి చదివి చాలాసేపు ఏం తోచలేదు. లిలీ బౌమేస్టర్‌ని తప్పకుండా పెడతాను. కానీ ఒకటి అడుగుతాను, పద్దెనిమిది పంతొమ్మిదేళ్ళ పిల్ల, తండ్రి విదేశీ, కాంట్రాక్ట్ ఊఫాతో, చెయ్యను అంటే ఏమయ్యేది? మనం ఇప్పుడు సోఫాలో కూర్చుని ఆ అమ్మాయి తప్పు చేసింది అనడం తేలిక కదా. వేరే దారి ఉందా నిజంగా?

బర్కత్‌పుర_లైబ్రరీ:

తార్నాక గారూ, నేను హిస్టరీ చెప్తానమ్మా కాలేజీలో, ఇలాంటి ప్రశ్న పిల్లలు ప్రతి ఏడూ అడుగుతారు, అడగాలి కూడా. దీనికి మీకు ఒక మనిషి కథ చెప్తాను, ఇల్జె వెర్నర్ పక్కనే నిలబడిన మనిషి.

1941లో ఆవిడ స్వీడన్ గాయని జెన్నీ లిండ్ జీవితం మీద ఒక సినిమా చేసింది. అందులో పిల్లల కథల రచయిత ఆండర్సన్‌గా వేసినాయన యోవాఖిమ్ గోట్‌షాల్క్. అప్పట్లో ఆడవాళ్ళకి ఆయనంటే ప్రాణం, మెత్తటి మనిషి, మెత్తటి మాట. ఆయన భార్య మేటా యూదు. విడాకులిస్తే నీ కెరీర్‌కి ఢోకా లేదన్నారు, ఇవ్వనన్నాడు. గోబెల్స్ ఆఫీసు ఒత్తిడి పెంచింది, వేషాలు ఆగిపోయాయి, చివరికి భార్యని, ఎనిమిదేళ్ళ కొడుకుని క్యాంపుకి పంపబోతున్నారని తెలిసింది, తననీ వాళ్ళతో పాటే పంపమని అడిగితే ఒప్పుకోలేదు. 1941 నవంబర్ 6న ముగ్గురూ కలిసి ప్రాణాలు తీసుకున్నారు. ఆ సినిమా రిలీజై ఏడు నెలలు కూడా కాలేదు.

అంత్యక్రియలకి ఎవరూ వెళ్ళొద్దని సినిమా వాళ్ళకి హెచ్చరిక ఉంది, గెస్టపో, అంటే నాజీ రహస్య పోలీసుల కాపలా ఉంది. అయినా కొంతమంది వెళ్ళారు. వెళ్ళినవాళ్ళలో బ్రిగిట్టె హోర్నై ఒకరు, ఆయనతో హీరోయిన్‌గా చేసినావిడ. ఈవిడ ఎవరో మీకు తెలుసు, మీరు చూసిన మ్యూన్‌హౌజెన్‌లో రష్యా రాణి క్యాథరిన్ వేషం ఈవిడదే. వెళ్ళినందుకు ఆవిడని జైల్లో వెయ్యలేదు, రెండేళ్ళ లోపే అంత పెద్ద సినిమాలో అంత పెద్ద వేషం వేసింది. నేను ఇది ఎందుకు చెప్తున్నానంటే, ఒప్పుకోవడానికీ ప్రాణం పోగొట్టుకోవడానికీ మధ్య చాలా చోటుంది, ఆ చోటులో చిన్న చిన్న పనులు చెయ్యొచ్చు, అంత్యక్రియలకి వెళ్ళడం అలాంటిది. వాటికి రిస్క్ ఉంది, కాదనను, కానీ వీలు కానివి కావు. మ్యూన్‌హౌజెన్ స్క్రిప్ట్ రాసిన ఎరిక్ కెస్ట్‌నర్‌ని చూడండి, 1933లో ఆయన పుస్తకాలు బెర్లిన్‌లో నడివీధిలో తగలబెట్టారు, రాయడానికి వీల్లేదన్నారు, మారుపేరుతో ఈ స్క్రిప్ట్ రాసి కాలం గురించి, అధికారం గురించి మాటలు లోపల ఇరికించాడు. ఈసారి చూసినప్పుడు డైలాగులు జాగ్రత్తగా వినండి.

ఇల్జె వయసు ఇరవై, ఆ అమ్మాయి రాక్షసి అని నేను అనను. కానీ తనతో కెమెరా ముందు నిలబడి ప్రేమ సీన్లు చేసిన మనిషి పెళ్ళాం బిడ్డలతో చచ్చిపోయాక ఏం జరుగుతోందో తెలియదు అనడానికి బెర్లిన్ సినిమా వాళ్ళలో ఎవరికీ వీలు లేదమ్మా. తెలిశాక కూడా ఆవిడ పాట ఆగలేదు. 1942 మార్చిలో జర్మనీ దోస్తు జపాన్ ఆవిడ పుట్టిన బటావియానే పట్టుకుంది, అక్కడి డచ్ ఆడవాళ్ళని, పిల్లల్ని క్యాంపుల్లో పెట్టారు, పదేళ్ళ వయసులో ఆ కుటుంబం ఊరు మారకపోతే ఆ క్యాంపుల్లో ఈవిడా ఉండేది. ఆ ఏడాదే ఆవిడ బెర్లిన్‌లో ఆ సరదా మ్యూజిక్ సినిమా చేసింది. దీన్ని మీరు తీర్పుగా చెప్పక్కర్లేదు, తేదీలు వరసగా చెప్తే చాలు, వినేవాళ్ళే లెక్క చూసుకుంటారు.

అమీర్‌పేట్_మార్నింగ్‌షో:

అందరి రిప్లైలు చదివాను, సూపర్. ఒక చిన్న పాయింట్ యాడ్ చేస్తా, మన వాళ్ళకి దగ్గరగా ఉంటుందని. అదే టైమ్‌లో మన సినిమా కూడా యుద్ధం కిందే నలిగింది. 1942 ఏప్రిల్ 6న విశాఖ, కాకినాడ మీద జపాన్ బాంబులు పడ్డాయి, మద్రాసు ఖాళీ అయిపోయింది, స్టూడియోలు మూతపడ్డాయి, తర్వాత ఫిల్మ్ కొరత అని సినిమా 11,000 అడుగులు దాటకూడదన్నారు. బ్రిటిష్ వాళ్ళు యుద్ధానికి సాయంగా సినిమాలు తియ్యమని నిర్మాతల వెంట పడ్డారు, తమిళంలో అలాంటివి వచ్చాయి కూడా. మన హీరోయిన్లని ఎవరూ ఇల్జె స్థానంలో పెట్టట్లేదు కానీ, ముడి ఫిల్మ్ ఎవరి చేతిలో ఉంటే సినిమా వాళ్ళ మాట అదే అనేది అక్కడా ఇక్కడా ఒకటే, కాంట్రాక్ట్ కంటే ముందు ఫిల్మ్ కోటా చూడాలి. ఇంకోటి, డచ్చివాళ్ళు అంటే మీ గ్రూపులో ఎవరికైనా దూరం అనిపిస్తే మచిలీపట్నం, భీమిలి గుర్తుచెయ్యండి, మన కోస్తా నేత బట్టలు నాలుగొందల ఏళ్ళ క్రితమే డచ్ ఓడల్లో బటావియా వెళ్ళేవి, ఇల్జె వాళ్ళ నాన్న లాంటి వ్యాపారులు పుట్టుకొచ్చింది ఆ వ్యాపారం నుంచే.

చిక్కడపల్లి_సెకండ్‌షో:

బర్కత్‌పుర మేడం చెప్పింది చదివినంక నాకు కూడా కొంచెం మెత్తబడాల్నేమో అనిపించింది గని మెత్తబడబుద్ధి అయితలేదు. హీస్టర్స్‌ని చూడుర్రి, ఆమర్స్‌ఫోర్ట్ ఊర్ల పుట్టిన డచ్చాయన, బెర్లిన్‌ల ఆపరెట్టా హీరో, 1941ల దహావ్ నాజీ క్యాంపుని చూసి కూడ వచ్చిండు, నాజీల కాలంల అక్కడ స్టార్‌గ ఉన్నందుకు డచ్ జనంల చానామంది ఆయనని మన్నించలే. 1964ల ఆమ్‌స్టర్‌డామ్ కారే థియేటర్‌ల స్టేజీ ఎక్కితే అరిచి గోల చేసి దించిండ్రు. ఆయన నూట ఎనిమిదేండ్లు బతికిండు, జర్మనీల చివరిదాంక స్టారే, సొంత దేశంల మాత్రం కాదు. ఇల్జె పేరు హాలండ్‌ల అంత గొడవ కాలే, ఎందుకంటే ఆమెని వాళ్ళు తమ మనిషి అనుకోనే లేదు. తార్నాక తమ్మీ, నువ్వు అడిగిన డచ్ నటి అనొచ్చా అనే దానికి నా జవాబు ఇదే.

మారేడ్‌పల్లి_పాతపాటలు:

చిక్కడపల్లి గారి మాటతో చాలావరకు ఒప్పుకుంటాను, ఒక్కచోట తప్ప. ఆవిడకీ యుద్ధం తర్వాత రోజులు బాగా లేవు. అమెరికా బ్రిటన్ వాళ్ళు కొంతకాలం పని చెయ్యనివ్వలేదు, ట్రాన్స్‌లేటర్ ఉద్యోగం చేసుకుంది, 1948లో అమెరికన్ జర్నలిస్టుని పెళ్ళాడి కాలిఫోర్నియా వెళ్ళిపోయింది, నిలవలేదు, 1950ల్లో మళ్ళీ జర్మనీ వచ్చేసింది. సినిమాల్లో మునుపటి వెలుగు రాలేదు. 1960లో బచారె అనే పాటతో ఒక్కసారి మళ్ళీ మోగిపోయింది, ఆ తర్వాత టీవీ, స్టేజీ. 1981లో ఆత్మకథ రాసింది, 2005లో ల్యూబెక్‌లో పోయింది, ఎనభై నాలుగేళ్ళు. నాకు ఆవిడ ఈల అంటే ఇప్పటికీ ఇష్టమే, ఇష్టం అని చెప్పడానికి సిగ్గుపడను, కానీ వింటున్నప్పుడు గోట్‌షాల్క్ గుర్తొస్తాడు, అది మంచిదే అనుకుంటాను.

ప్రాక్టికల్ సంగతి ఒకటండీ. ఊఫా పాత సినిమాల హక్కులు వీస్‌బాడెన్‌లోని మూర్నావ్ ఫౌండేషన్ దగ్గర ఉన్నాయి. నాజీ టైమ్ సినిమాల్లో నలభై దాకా ఇప్పటికీ జర్మనీలో ఊరికే వెయ్యనివ్వరు, ముందు ఒకరు పరిచయం చెప్పాలి, తర్వాత చర్చ జరగాలి, అప్పుడే. ఆ సబ్‌మెరైన్ సినిమా ఆ లిస్టులోదే. మీది ఇంట్లో చూసేది అయినా ఆ పద్ధతి పాటిస్తే బాగుంటుంది, ముందు పది నిమిషాలు మాట్లాడి తర్వాత సినిమా వెయ్యండి.

తార్నాక_రీల్:

అందరికీ చాలా చాలా థ్యాంక్స్, ఒక్కొక్కరు ఒక్కో క్లాస్ చెప్పినట్టుంది. నేను ఇలా అనుకుంటున్నాను, మొదట లిలీ బౌమేస్టర్, 1940 ఏప్రిల్, మే నుంచి మొదలుపెడతాను, తర్వాత ఇల్జె డిసెంబర్ సినిమా క్లిప్పు వేస్తాను, ఆ తర్వాత గోట్‌షాల్క్ గురించి చెప్పి చివర్లో హాంబర్గ్ రేవు సినిమా మొత్తం వేస్తాను, మ్యూన్‌హౌజెన్ ఇంకోసారికి ఉంచుతాను. బర్కత్‌పుర మేడం, మీకు వీలైతే ఆ రోజు రండి, గోట్‌షాల్క్ గురించి మీరే చెప్తే బాగుంటుంది, అడ్రస్ మెసేజ్‌లో పెడతాను. ఇంకొక్క సాయం, పిగ్మేలియన్ డచ్ సినిమాకి ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ ఎవరి దగ్గరైనా ఉన్నాయా?

బర్కత్‌పుర_లైబ్రరీ:

తప్పకుండా వస్తానమ్మా. ఆదివారం అయితే నాకు వీలు. సబ్‌టైటిల్స్ నా దగ్గర లేవు, కానీ ఆ నాటకం తెలుగులో చదివినవాళ్ళు మీ గ్రూపులో ఉంటే కథ ముందే చెప్పించండి, డైలాగులు అర్థం కాకపోయినా ఆవిడ మొహం చూస్తే సరిపోతుంది.